రాజవ్వ ముంబై దర్శన్

రాజవ్వ ముంబైకి వచ్చి నలభై ఏండ్లు దాటింది గాని, ముంబై చూడ్డానికి బస్సెక్కింది మాత్రం ఆ ఒక్క ఆదివారమే. అంతకు ముందు ఆమె ఎక్కినవన్నీ వెదురు నిచ్చెనలు.

పదిహేనో ఏట పెండ్లయి, పాలమూరు పల్లె నుంచి కామాటిపురాకు కాపురానికి వచ్చింది. భర్త రాజమల్లు మేస్త్రీ. వారం తిరక్కముందే వెంట పనికి తీసుకపోయి, ఆమె నెత్తిన చుట్టబట్ట పెట్టి, దాని మీద ఇసుక నింపిన గమేలా ఎత్తాడు. ఆ ఇనుప తట్ట మళ్ళీ దిగేసరికి ఆమె తల నెరిసింది. కొడుకు స్వప్నిల్ పనికాడ కట్టిన చీర ఉయ్యాలలోనే పెరిగి, పెండ్లయినంక వేరే కాపురం పెట్టాడు. రాజమల్లు పోయి, మోకాళ్ళు మొండికేసినంక, ఒక ఆఫీసులో ఊడ్చే పని పట్టింది. ఆ ఆఫీసున్న మేడకు ఒకప్పుడు కాంక్రీటు మోసింది కూడా తనే. ఎవరైనా జాలిపడితే, "నేను మోసిన ఇల్లు నేనే ఊడుస్తున్న. పరాయిదా ఏంది?" అనేది.

అట్లాంటి మనిషి టూరిస్టు బస్సెక్కింది మేనకోడలి కోసం.

మేనకోడలు యాదమ్మ, ఊళ్ళో ఉన్న తమ్ముడు బాలయ్య బిడ్డ. యాదమ్మ కూతురు శ్రావణికి ముంబైలో నర్సు చదువుకు సీటొచ్చింది. హాస్టల్ లేదు. "నా ఇల్లున్నది, నా కండ్ల ముందల ఉంటది, ఫికర్ చెయ్యకు" అని రాజవ్వ ఫోన్‌లోనే మాటిచ్చింది. కానీ యాదమ్మ తల్లి మనసు ఊరుకుంటుందా?

"ఇల్లు, గల్లీ నా కండ్లతోటి చూస్త అత్తమ్మా. మనసొప్పకపోతే రేపటి రైలుకే పిల్లను ఎన్కకు తీస్కపోత, ఏమనుకోకు" అని ముందే చెప్పి, బిడ్డను, ఆమె పెట్టెను వెంటబెట్టుకుని వచ్చి దాదర్‌లో తమ ఊరివాళ్ళింట్లో దిగింది.

గుబులు రాజవ్వకూ ఉంది. ఇన్నేండ్లుగా ఊళ్ళో ఎవరడిగినా "నాగ్‌పాడా దగ్గర ఉంటం" అనే చెప్పుకుంటూ వచ్చింది. దగ్గరే, అబద్ధం కాదు. కానీ కామాటిపురా పేరు ఎన్నడూ నోట రానియ్యలేదు. ఆ పేరు వింటే చాలు, జనానికి వాకిళ్ళలో నిలబడే ఆడవాళ్ళే గుర్తొస్తారు. ఇటుకా సున్నం మోయడానికి వచ్చిన తెలుగు కామాటీలుండే చోటు గనుక ఆ పేరొచ్చిందన్న సంగతి ఎవరికి పట్టింది?

అందుకే ఒక ఉపాయం పన్నింది. ముందు పొద్దంతా ముంబై చూపిస్తే యాదమ్మ దిల్ ఖుష్ అవుతుంది. పొద్దుగూకినంక ఆ వాకిళ్ళుండే ఫాక్‌లాండ్ రోడ్డు దిక్కు పోకుండా, నాగ్‌పాడా వైపు నుంచి తిప్పి ఇంట్లోకి తీసుకపోతే సరి. స్వప్నిల్ చేత ముగ్గురికీ 'ముంబై దర్శన్' బస్సుకు టికెట్లు తీయించింది.

గైడు సన్నటి మరాఠీ పోరడు. నెత్తిన టోపీ, చేతిలో మైకు. "బాయీ తరఫ్ దేఖియే!" అంటే బస్సంతా ఎడమకు ఒరిగేది, "దాయీ తరఫ్!" అంటే కుడికి. యాదమ్మకు పాలమూరులో నేర్చిన హిందీ ఉంది గనుక మాటలన్నీ అందుతూనే ఉన్నాయి.

గేట్‌వే దగ్గర అందరూ రాళ్ళకు వీపు పెట్టి ఫోటోలు దిగుతుంటే రాజవ్వ రాళ్ళకు మొఖం పెట్టి నిలబడింది. అతుకుల మీద వేలు నడిపిస్తోంది.

"ఏం చూస్తున్నవే అవ్వా?" అంది శ్రావణి.

"ఇంత రాయిని అంత పైకి ఎట్ల లేపిన్రో చూస్తున్న బిడ్డా. పరంజా ఎంత కట్టిన్రో, మోసినోళ్ళ నడుములు ఏమైనయో..."

"నడుముల సంగతి తర్వాత. ఇటు మర్లి నవ్వు ఒకసారి!"

మెరైన్ డ్రైవ్ మీద గైడు సముద్రం చూడమన్నాడు. రాజవ్వ మాత్రం యాదమ్మ గదవ పట్టుకుని రెండో వైపుకు తిప్పింది.

"నీళ్ళు ఏడికీ పోవు గాని, గా గుండ్రం బాల్కనీల బిల్డింగ్ సూడు. పైన తర్వాత లేపిన మాళా, గా ఆఖరి అంతస్తు, కనిపిస్తున్నదా? గా మాళాకు మీ మామ గోడ పెట్టిండు, నేను మాలు మోసిన. అప్పుడు స్వప్నిల్ కడుపుల ఉన్నడు."

"కడుపుతోటి గంత ఎత్తుకా!"

"నయమే గదనే. ముందల బరువుంటె నెత్తి మీది గమేలా ఎన్కకు పడదు."

యాదమ్మ పగలబడి నవ్వింది. ఆ తర్వాత ఆమే అడగడం మొదలుపెట్టింది: "ఇది నీదేనా? మరి గదీ?" రాజవ్వ ఒక్కోదానికి తల అడ్డంగా ఊపేది, ఒక్కోసారి నిలువుగా. నిలువుగా ఊపినప్పుడల్లా మెడ కొంచెం సాగేది.

కొండ మీది తోటలో జొన్నరొట్టెలు, పచ్చడి విప్పుకుని తిన్నారు. కింద ముంబై అంతా పరుచుకుని ఉంది. యాదమ్మ చెయ్యి తుడుచుకుంటూ, "పట్నం మంచిగనే ఉన్నది అత్తమ్మా. మరి నీ ఇల్లు ఎటు దిక్కు?" అంది.

రాజవ్వ చెయ్యి చాపి గాలిలో అటునుంచి ఇటు ఊపింది. "గటు."

"గటంటె సగం పట్నం ఉన్నది గదా!"

"పోయినంక చూస్తవు గదనే, తిను ముందు" అని ఇంకో రొట్టె వేసింది.

మధ్యాహ్నం బస్సు రాణీబాగ్ జూకు బయల్దేరింది. ముందు రోడ్డు తవ్వి పెట్టారట, డ్రైవర్ దారి మళ్ళించాడు. వంతెన దిగి, ఒక మలుపు, ఇంకో మలుపు. తన గల్లీ పక్కనుండే పాత సామాన్ల దుకాణం కనిపించేసరికి రాజవ్వ ముందు సీటు పట్టుకుని సగం లేచింది. బస్సు సక్కగా ఫాక్‌లాండ్ రోడ్డు పట్టింది.

గైడు మైకులో నవ్వాడు. "అబ్ కహీ మత్ దేఖియే. కామాటిపురా హై. లేడీస్ లోగ్, ఖిడ్కీ బంద్!"

పొద్దటి నుంచి చూడండి చూడండి అన్న నోరు ఇప్పుడు చూడొద్దంది. కిటికీలు టపటపా పడ్డాయి. యాదమ్మ కూడా కూతురి మీదుగా వంగి అద్దం లాగేసింది. రాజవ్వ పక్కనున్న అద్దం ఒక్కటే తెరిచి ఉంది. తన గల్లీ మీద తనే తలుపేసుకోవడానికి ఆమెకు చెయ్యి రాలేదు.

అంతలో బస్సు ఆగిపోయింది. ముందు ఒక పాత చాలీకి, వరుసగా ఒంటిగది ఇండ్లుండే మేడకు, మరమ్మతు జరుగుతోంది. పైన స్లాబ్ పోస్తున్నారు. మాలు కలిపే మిక్సర్ సగం రోడ్డు మింగింది, కంకర లారీ మిగిలిన సగం. మాలు పైకి పోయేకొద్దీ కంకర మిక్సర్‌లోకి దిగి లారీ ఖాళీ అయితే గాని బస్సుకు దారి లేదు.

మూలమీద కొత్తిమీర అమ్మే గంగాబాయి తెరిచిన కిటికీలోకి చూసి బస్సు మీద చరిచింది. "ఓ రాజవ్వా! ఇంటి ముందటికే బస్సు తెచ్చుకున్నవా? గీ సుట్టాలందరు నీ ఇంటికేనా? బియ్యం సరిపోతయానే?"

యాదమ్మ మెల్లగా తల తిప్పింది. "ఇంటి ముందటనా? అత్తమ్మా, నాగ్‌పాడా అన్నవు గదా?"

ఇంకా తప్పించుకోవచ్చు. గంగాబాయికి మతి సక్కగా లేదని చెప్పొచ్చు. రాజవ్వ అట్లా చెయ్యలేదు.

"నాగ్‌పాడా గా మలుపు దాటితె వస్తది. మాది ఇదే బిడ్డా. కామాటిపురా. గా పచ్చ కటకటాల చాలీల మూడో మాళా."

"ఇన్నేండ్లల్ల ఒక్కసారన్న చెప్పకపోతివి?"

"నా ఇల్లంటె నాకు సిగ్గు లేదే. వినేటోళ్ళ మొఖం ఎట్లైతదో అని భయపడ్డ."

"గీ వాకిండ్ల నడుమ నా పిల్లను ఎట్ల ఇడిసిపెట్టాలె?" యాదమ్మ గొంతు తగ్గించింది.

"ఆ వాకిండ్లల్ల ఉన్నోళ్ళు గూడ కిరాయి కట్టి బతికెటోళ్ళే, నా లెక్కనే. నా కోడలికి నొప్పులొచ్చిన్నాడు ఉరికి టాక్సీ తెచ్చింది గట్ల నిలవడే పిల్లనే."

యాదమ్మ శ్రావణి చెయ్యి గట్టిగా పట్టుకుని ముందు సీటు వీపు చూస్తూ కూర్చుంది. ఇక రైలే అని రాజవ్వకు అర్థమైంది.

బయట హారన్లు మోగుతున్నాయి. రాజవ్వ కిటికీలోంచి పని వైపు చూసింది. మిక్సర్ నుంచి వెదురు మెట్ల మీదుగా పైదాకా ఆడా మగా వరుస కట్టి, గమేలాలు చేతి నుంచి చేతికి అందిస్తున్నారు. అందరూ పాలమూరు కూలీలే. ఎండకు ఒకామె కండ్లు తిరిగి నీడన పడుకుంది, ఆమె చెల్లె కొంగుతో విసురుతోంది. వరుసలో రెండు ఖాళీలు పడ్డాయి. ఆ ఖాళీల దగ్గర గమేలా ఆగి ఆగి పోతోంది. రాజవ్వకు ఒళ్ళు చురుక్కుమంది. స్లాబ్ మొదలుపెడితే నడుమ ఆపొద్దు. ఆపినకాడ అతుకు పడుతుంది, వానకాలం అతుకు దగ్గరే కారుతుంది. కింద ఎవరి పిల్లలో తడుస్తారు.

పని చూసే ముకాదం బక్కయ్య ఆమెను గుర్తుపట్టాడు. "అవ్వా! షికారు పోతున్నవా? ఈడ చేతులు తక్కువపడి సస్తున్నం!"

ఆ మాట అతను నవ్వులాటకే అన్నాడు. రాజవ్వ లేచి, చీర కుచ్చిళ్ళు ఎగదోపి, బస్సు దిగింది.

"మావ్షీ, కిధర్?" పిన్నీ ఎక్కడికని గైడు కంగారుపడ్డాడు.

"తేరా రస్తా ఖోల్నే!" అంది, నీ దారి తెరవడానికే అన్నట్టు లారీని చూపిస్తూ.

వరుసలో కింది ఖాళీలో నిలబడింది. మొదటి గమేలా చేతికి రాగానే మోకాళ్ళు పాతవన్న సంగతి మరిచిపోయాయి. కానీ ఆమె పైన ఇంకో ఖాళీ ఉంది. దాన్ని దాటించి పై మనిషికి అందియ్యాలంటే, ప్రతిసారీ రెండు మెట్లెక్కి, చేతులు చాపి, మళ్ళీ దిగాలి. కాసేపటికి ఆయాసం మొదలైంది.

బస్సులో శ్రావణి లేచి అద్దం తీసింది. "అమ్మా, అవ్వ పడిపోతదే!"

యాదమ్మ చూసింది. ఏదో గొణిగింది. చెప్పులు సీటు కిందికి తోసి, కొంగు నడుముకు బిగించి, దిగి వచ్చి రాజవ్వ పై మెట్టు మీద నిలబడింది.

"జరుగు కొంచెం. చెరువు మట్టి మోసినదాన్ని, నాకు తట్ట కొత్తనా?"

తట్ట కొత్త కాదు, వరుస కొత్త. మొదటి గమేలా అందుకోబోయి తడబడింది. పచ్చి కాంక్రీటు మోచేతుల దాకా చిమ్మింది.

"చేతులు సూడకే!" అరిచింది రాజవ్వ. "చేతులు సూస్తె ఆలస్యమైతది. నా కండ్లల్లకు సూడు. నేను ఇడిసేటప్పుడు నా కండ్లే చెప్తయి."

ఇందాక బస్సులో ఆ కండ్లలోకి చూడనిది ఇప్పుడు చూడక తప్పలేదు. ఇంకో గమేలా. ఇంకోటి. మెల్లగా లయ దొరికింది. ఒకరి చేతిలోంచి జారిన బరువు ఇంకొకరి చేతిలో పడ్డానికి నడుమ రెప్పపాటు గాలి ఉంటుంది. ఆ రెప్పపాటు నమ్మకం లేకపోతే గమేలా కింద పడుతుంది. ఒక్కటి కూడా పడలేదు.

"గిట్లనే మోసినవా అత్తమ్మా, గా బిల్డింగులన్నిటికి?" అంది యాదమ్మ రొప్పుతూ.

"గిట్లనే. పొద్దటి నుంచి గైడు సూపెట్టింది సూసినవు. ఇగో, ఇది నేను సూపెడుతున్న."

పైనుంచి బక్కయ్య కేక వేశాడు: "ఊరి చేతులు పడ్డయి! ఇంక ఆగదు స్లాబ్!" వరుసంతా నవ్వింది. బస్సు కిటికీలు ఒక్కొక్కటే తెరుచుకున్నాయి. శ్రావణి ఫోన్‌తో వీడియో తీస్తూ, "మా అవ్వ, మా అమ్మ" అని పక్క సీటు ఆవిడకు చూపిస్తోంది. గంగాబాయి కొత్తిమీర వదిలేసి, నీడన పడుకున్నామెకు మజ్జిగ తాగించింది. ఆ మజ్జిగ తెచ్చిచ్చింది ఎదురు వాకిట్లోని ఒక అమ్మాయి. అది యాదమ్మ చూసింది.

లారీ ఖాళీ అయి పక్కకు జరిగింది. నీడన పడుకున్నామె చెల్లె వచ్చి వరుసలో నిలబడింది. గైడు పిలిచాడు: "మావ్షీ, చలో! జూ బంద్ హో జాయేగా!"

రాజవ్వ దిగి యాదమ్మ చేతులు పట్టుకుని చూసింది. మోచేతుల దాకా సిమెంటు. "ఊకె ఉంచితె తోలు తింటది. కడుక్కోవాలె."

"మరి నీ ఇల్లు పక్కనే ఉన్నది గదా? ఈడ కడుక్కోక జూల కడుక్కుంటనా?" అని యాదమ్మ బస్సు వైపు తిరిగింది. "శ్రావణీ, సంచులు తీస్కొని దిగు. నా చెప్పులు గూడ!"

ముగ్గురూ రోడ్డు పక్కన నిలబడ్డారు. బస్సు కదిలింది. గైడు తలుపు దగ్గర నిలబడి వీళ్ళ వైపు చూసి, టోపీ తీసి, మైకు నోటి దగ్గర పెట్టుకున్నాడు.

"బాయీ తరఫ్ దేఖియే! హమారీ మావ్షీ కా కామాటిపురా!"

బస్సంతా ఎడమకు ఒరిగింది. రాజవ్వ సిమెంటు చెయ్యి పైకెత్తి ఊపింది, తన ఇంటికి వచ్చిపోయే చుట్టాలకు ఊపినట్టే.

మూడో మాళాలో రాజవ్వ నీళ్ళు పోసింది, యాదమ్మ చేతులు కడిగింది. తర్వాత రాజవ్వ కొబ్బరినూనె తీసి ఆ చేతులకు తనే రాసింది. యాదమ్మ ఇల్లంతా కలయజూసింది. ఒక్క గది, గోడ మీద రాజమల్లు ఫోటో, దాని పక్కనే మేకుకు అతని తాపీ. శ్రావణి కటకటాల దగ్గర నిలబడి కిందికి చూస్తోంది. స్లాబ్ అయిపోవచ్చింది. కింది నుంచి బక్కయ్య గొంతు లేచింది: "అవ్వా! స్లాబ్ పడ్డందుకు దావత్ ఉన్నది, మటన్ తునకల కూర! సుట్టాలను గూడ తోల్కరా!"

"వస్తున్నమని చెప్పు" అంది యాదమ్మ, రాజవ్వతో కాదు, కూతురితో. తర్వాత నూనె చేతులు తుడుచుకుంటూ గది మూలలు చూసింది.

"అత్తమ్మా, పిల్ల పెట్టె ఏ మూలకు పెట్టాలె?"