రెండు గంపలూ నావే

అరవై దాటాక గాని నాకు అక్షరాలు రాలేదు. అందుకే ఈ సంగతి ఇన్నాళ్లకు రాస్తున్నాను.

మా దీవుల్లో హోప్ టౌన్‌కి వెళ్లే బోటులో ఒక అమ్మాయి మామూలు మనుషుల మీద సినిమా తీస్తోంది. "నన్ను చూడకండి ఆంటీ, మీ పని మీరు చేసుకోండి," అంది. నేను చేపలమ్ముతానని ఆస్టినాబాద్‌లోని కొత్త వియ్యాలవారికి చెప్పలేదు. కెమెరా ఇటు తిరగగానే నా గంపను కాలితో నెట్టేశాను.

పక్కన కూర్చున్న చేపలామె ఎవరో నాకు తెలియదు. ఆ గంపను తన దగ్గరకు లాక్కుని, "బేటీ, రెండు గంపలూ నావే. ఈ దీదీ సాఫ్‌గా తయారై చర్చికెళ్తోంది, ఒదిలెయ్," అంది.

దిగేటప్పుడు గంప నా చేతికిచ్చి, "మాల్ తాజాగానే ఉంది కదక్కా, ఎందుకు దాచావ్?" అని అడిగింది.

మర్నాడు పొద్దున్నే ఆస్టినాబాద్ వెళ్లి, వియ్యపురాలి గుమ్మం ముందు "చేపలమ్మా, చేపలు!" అని కేక వేశాను.