ఆర్ట్ పుస్తకమా, సోనామసూరి బస్తానా?

మేం ఇంట్లో లేనప్పుడు మా పార్సెళ్లు తీసుకుని ఉంచేది కింది ఫ్లాట్ జర్మన్ మామ్మగారు. ఇవాళ సాయంత్రం బరువైన పెట్టె అందిస్తూ, "మళ్ళీ బియ్యమేనా?" అన్నారు. ఇన్నాళ్ళూ ఆవిడ చేత సోనామసూరి బస్తాలే మోయించాం మరి.

"కాదండీ, పుస్తకం! ఆధునిక యూరప్ చిత్రకారుల మీద. ఆఫీసులో అందరూ చదవమన్నారు," అని కాస్త గొప్పగానే చెప్పాను. ఆవిడ కళ్ళు మెరిశాయి. అక్కడే పెట్టె విప్పించి, చూసి ఇస్తానంటూ పుస్తకం లోపలికి పట్టుకుపోయారు.

పైకొచ్చేసరికి మావారు ఎసరు పెట్టుకుని ఎదురుచూస్తున్నారు.

"పార్సెల్ వచ్చిందన్నావుగా, బియ్యం ఏవీ?"

"అది పుస్తకమండీ."

"ఇంట్లో బియ్యం నిండుకున్నాయని మొన్నే చెప్పాను కదే! సరే, పుస్తకమైనా ఏదీ?"

మామ్మగారు చూసి ఇస్తానని పట్టుకెళ్ళారని చెప్పాను. మళ్ళీ కిందికెళ్ళి మామ్మగారినే బియ్యం అడిగాను. జాలిపడి, వాళ్ళు పాలల్లో ఉడికించుకునే పొట్టి బియ్యం ప్యాకెట్ ఇచ్చారు. అన్నం కాస్తా ముద్దయి కూర్చుంది.

పప్పు కలుపుకుంటూ మావారన్నారు: "యూరప్ కళంతా ఇచ్చేసి పాయసం బియ్యం తెచ్చావు. బేరం బానే ఉంది."

నవ్వింది చాలు గానీ, ఆ పుస్తకం తిరిగి అడగాలంటే ముందు బియ్యం తిరిగివ్వాలా? తెలిసినవాళ్ళు చెప్పండి.