అంకోర్ గుడిలో రాజవ్వ, నైఫ్‌లో ఎస్తేరు గారు

నిన్న మధ్యాహ్నం దుబాయ్‌లోని నైఫ్ సందులో నా కుడికాలి చెప్పు తెగింది. జూన్ ఎండ. ఆఫీసు నాలుగు కొట్ల అవతలే కదా, ఈ మాత్రానికి ఏమవుతుందని చెప్పు చేతపట్టుకుని నడిచాను. అరికాలు చుర్రుమనేసరికి ఎదురుగా ఉన్న బట్టల కొట్టు నీడలోకి ఒక్క గంతు వేశాను. మూటల బండి తోసుకెళ్తున్నవాడు నన్ను చూసి పగలబడి నవ్వాడు. నాకు మాత్రం నవ్వు రాలేదు. కాలుతున్న నేల మీద ఒట్టి కాళ్లతో నడిచిన ఒక ముసలావిడ గుర్తొచ్చింది. ఆ వెంటనే ఎస్తేరు గారి గొంతు చెవిలో వినబడింది. "చెప్పులెక్కడ విడిచారో కనుక్కో గంగాధరం!"

ఎస్తేరు గారిది పాలకొల్లు దగ్గర పల్లెటూరు. దుబాయ్‌లో ఒక ఆసుపత్రిలో ఏళ్ల తరబడి నర్సుగా చేసి, నడుం నొప్పితో ఆ పని మానుకుని, నైఫ్‌లో ఒక చిన్న ట్రావెల్ ఆఫీసు నడపడానికి ఒప్పుకున్నారు. మనిషి పొట్టి. గొంతు మాత్రం వార్డు ఈ చివర నుంచి ఆ చివరకు వినిపించేది. ఇక్కడి తెలుగు కుటుంబాలకు కాంబోడియాలో ఖ్మేర్ రాజులు కట్టించిన పాత గుళ్లు చూపించడం మా ఆఫీసు పని. ఒక కుటుంబానికి ఒక కారు, ఒక గైడు. పొద్దున్నుంచి సాయంత్రం దాకా వాళ్లతో ఇంకెవరూ ఉండరు. ఆవిడ బల్ల వెనక గోడ మీద అంకోర్ వాట్ గుడి పటం నిలువెత్తున ఉండేది. ఏ గుమ్మం దగ్గర నీడ ఉంటుందో, ఏ మెట్లు మోకాళ్లను చంపుతాయో ఆవిడ దాని మీద పెన్సిలుతో గుర్తులు పెట్టుకున్నారు.

నేను అక్కడికి చేరింది కరోనా ఏడాది. సోనాపూర్ కూలీల క్యాంపులో ఉండి తాపీ పనికి వెళ్లేవాణ్ని. కంపెనీ మూతపడింది. విమానాలు ఆగిపోయిన రోజుల్లోనే నిర్మల్ దగ్గర మా ఊళ్లో మా నాయన చనిపోయాడు. విమానాలు మళ్లీ మొదలయ్యాక టికెట్ ధర అడుగుదామని ఆ ఆఫీసు మెట్లెక్కాను. ఎస్తేరు గారు ధర చెప్పలేదు. కుర్చీ చూపించి, నాయన సంగతి మొత్తం చెప్పించుకుని, చివరికి "ఇంటికెళ్లి ఏం చేస్తావు నాయనా?" అని అడిగారు. "హిందీ వచ్చుగా, ఫోన్ ఎత్తగలవుగా? రేపు వచ్చెయ్" అన్నారు. అంతే, నా తాపీ పని ఖలాస్.

ఆవిడకొక పద్ధతి ఉండేది. ప్రయాణానికి ముందురోజు ఆ కుటుంబంలో అందరికంటే పెద్దవాళ్లకు తానే ఫోన్ చేసేవారు. డబ్బు కట్టిన కొడుకుతోనో అల్లుడితోనో మాట్లాడితే సరిపోదని ఆవిడ పట్టుదల. ఎప్పుడు తింటారు, ఏ మందులు వేసుకుంటారు, ఎంతసేపు నడవగలరు అని ఓపిగ్గా అడిగేవారు. చాలామంది కొడుకులు చిరాకు పడేవారు. ఫోన్ బిల్లు దండగ అని నాక్కూడా అనిపించేది. పైకి అనే ధైర్యం లేదు.

షార్జాలో ఇంజనీరుగా చేసే శ్రీనివాస్ వాళ్లమ్మ రాజవ్వతో ఆవిడ మాట్లాడిన రోజు నేను పక్కనే ఉన్నాను. కరీంనగర్ నుంచి కొడుకు దగ్గరికి వచ్చిన ముసలావిడ. ప్రపంచంలోకెల్లా పెద్ద విష్ణువు గుడి అని కొడుకు చెబితే, చచ్చేలోపు చూడాలని ఆశపడింది. చక్కెర జబ్బు. రోజూ పొద్దున్నే తన సూది తనే వేసుకుంటుంది.

"గుడికి పోకముందు నేను ఏం దినను బిడ్డా. దర్శనమైనంకనే" అంది రాజవ్వ.

"అలాగైతే కుదరదండీ. సూది వేసుకున్నాక తినకుండా ఉండకూడదు. దేవుడేం అనుకోడు, కాస్త టిఫిన్ తినేసి వెళ్లండి."

అవతల కాస్త ఆలస్యంగా "సరే" అని వినబడింది. ఎస్తేరు గారు ఫోన్ పెట్టేసి దాని వంకే చూస్తూ కూర్చున్నారు. "ఆ సరే నాకు నచ్చలేదు" అన్నారు. తర్వాత శ్రీనివాస్‌కు ఫోన్ చేసి అమ్మ తినేలా దగ్గరుండి చూడమన్నారు. ఆయన "అట్లనే మేడం" అని పెట్టేశాడు.

అక్కడికీ ఇక్కడికీ మూడు గంటల తేడా. మేం షట్టర్ ఎత్తేసరికి అక్కడ ఎండ నడినెత్తికి వస్తుంది. ప్రయాణం రోజున నేనింకా టీ కూడా పొయ్యలేదు, ఫోన్ మోగింది.

"మేడం ఉన్నరా? అమ్మ కనవడ్తలేదు." అవతల శ్రీనివాస్.

ఎస్తేరు గారు నా చేతిలో ఫోన్ తీసుకుని స్పీకర్ పెట్టారు. "ఎప్పట్నుంచి?"

"గంట కావొస్తుంది. బొమ్మల గోడ సూసుకుంట పోతున్నం. ఎన్క వస్తుందనే అనుకున్న. అలసిపోయి కారు కాడికి పోయిందేమోనని అంత దూరం ఉరికి సూసిన, లేదు. గైడు లోపల దేవులాడుతున్నడు. ఆమె ఫోన్ నా బ్యాగులనే ఉంది."

"పొద్దున సూది వేసుకున్నారా?"

"ఏసుకున్నది."

"ఏం తిన్నారు?"

"డబ్బాల పెట్టిచ్చుకున్నది. కార్ల తింట అన్నది."

"డబ్బా తీసి చూడండి."

బ్యాగు జిప్పు లాగిన చప్పుడు, మూత తీసిన చప్పుడు వినిపించాయి. "అట్లనే ఉంది మేడం" అన్నాడు శ్రీనివాస్.

ఎస్తేరు గారి మొహం నల్లబడింది. ఫోన్ మీద అరచెయ్యి మూసి నాతో మెల్లగా అన్నారు. "చక్కెర పడిపోతుంది గంగాధరం. చెమటలు పోస్తాయి, మాట తేలిపోతుంది. ఎక్కడో ఓ మూల కూలబడిపోతారు. చూసినవాళ్లు ముసలమ్మ పడుకుందనుకుని పక్కనుంచి వెళ్లిపోతారు." అంత పెద్ద గుడి. అన్ని వరండాలు, అన్ని మూలలు.

శ్రీనివాస్ అరుస్తున్నాడు. "మీ గైడు ఏం జేస్తున్నట్టు? మా అమ్మకేమన్నయితే మిమ్ముల ఇడిచిపెట్ట!" నాకు కోపం ముంచుకొచ్చింది. తల్లిని వెనక వదిలి బొమ్మలు చూసుకుంటూ నడిచింది గైడా, కొడుకా? నోరు తెరవబోయాను. ఎస్తేరు గారు నా వైపు చూడకుండానే చెయ్యెత్తి ఆపేశారు. "మీరు పడమటి గుమ్మం దగ్గరే ఉండండి శ్రీనివాస్ గారూ. ఫోన్ పెట్టకండి" అన్నారు.

ఆ తర్వాత నన్ను గోడ మీది పటం ముందు నిలబెట్టారు. "నేను చర్చికెళ్లే దాన్ని నాయనా. నువ్వు గుడికెళ్లేవాడివి. ఇదిగో, ఇది పడమటి గుమ్మం. గోడ మీద బొమ్మల కథ కుడిపక్క మొదలవుతుంది కాబట్టి గైడు కుడికి తిరిగాడు. నువ్విప్పుడు రాజవ్వ గారివి. ఏం చేస్తావు?"

నాకు ఆలోచించాల్సిన పని పడలేదు. "కుడి దిక్కు పోను మేడం. అట్ల పోతే గుడి ఎడమచెయ్యి దిక్కు పడ్తది. గుడి సుట్టు అట్ల తిరగరు. అట్ల తిరిగేది ఒక్క కాష్టం సుట్టే."

మా నాయన కాష్టం చుట్టూ మా తమ్ముడు కుండ భుజాన పెట్టుకుని అలాగే తిరిగాడు. నేను సోనాపూర్‌లో పై మంచం మీద కూర్చుని ఫోన్‌లో చూశాను. ఎస్తేరు గారికి ఆ సంగతి తెలుసు. నా భుజం మీద చెయ్యి వేసి, ఆ చెయ్యి తియ్యకుండానే అడిగారు. "మరి ఎటు పోతావు?"

"చెప్పులిడిచి ఎడమ దిక్కు. వరండల కాదు మేడం. బయట నేల మీదికి దిగి, గుడి మొత్తం సుట్టొచ్చేటట్టు పోత."

"అయితే గైడుతో నువ్వే మాట్లాడు. చెప్పులెక్కడ విడిచారో కనుక్కో గంగాధరం!" అంటూ రెండో ఫోన్ నా చేతిలో పెట్టారు.

నా ఇంగ్లీషు సైటు మీద ఏరుకున్నది. కమ్, గో, క్విక్ దాటి పోదు. గైడు సొఖాతో అంతవరకు ఒక్కసారి కూడా మాట్లాడి ఎరగను. ఆ మూడు మాటలకు స్లిప్పర్ అని ఒకటి తగిలించి ఎలాగో చెప్పాను. అతను పరుగెత్తుతున్న ఆయాసం వినిపించింది. కాసేపటికి, గుమ్మం మెట్లకు ఎడమపక్క, గోడ వారగా ఒక జత ఉందన్నాడు. నీలం రబ్బరు చెప్పులు.

"అమ్మయే!" అని ఇటు ఫోన్‌లో శ్రీనివాస్ కేక పెట్టాడు.

ఎస్తేరు గారు క్షణం ఆలస్యం చెయ్యలేదు. "సొఖాను ఎడమ నుంచి రమ్మను. శ్రీనివాస్ గారూ, మీరు కుడి నుంచి బయలుదేరండి. గోడ బయట, నేల మీద. ఎక్కడున్నా మీ ఇద్దరి మధ్యలోనే ఉంటారు. యల్లా, పరుగెత్తండి!"

తర్వాత రెండు ఫోన్లలోనూ అడుగుల చప్పుడే. ఎవరో కస్టమర్ తలుపు తీసుకుని వచ్చాడు. ఆవిడ వేలితో కుర్చీ చూపించారు. ఆయన మా మొహాలు చూసి కూర్చున్నాడు. ఆవిడ పెదవులు కదులుతున్నాయి. ప్రార్థన చేసుకుంటున్నారు. నేను కూడా మా ఊరి పోచమ్మకు మొక్కుకున్నాను. అంత భయం నాకు ఇరవయ్యో అంతస్తు పరంజా మీద కూడా వెయ్యలేదు.

"మేడం! మేడం!" సొఖా అరిచాడు. ఉత్తరం వైపు గోడ నీడలో, రాతికి ఆనుకుని కూర్చుని ఉంది రాజవ్వ. కళ్లు మూతలు పడుతున్నాయి, చీర చెమటతో తడిసి ముద్దయింది, పిలిస్తే పలుకుతోంది. అతని సంచిలో అక్కడి తాటిబెల్లం బిళ్లలు ఉన్నాయి. నోటి దగ్గర పెడితే చేత్తో తోసేస్తోంది.

"ఫోన్ ఆవిడ చెవి దగ్గర పెట్టమను" అన్నారు ఎస్తేరు గారు. ఇక చూడండి ఆ గొంతు. సందు చివరి టీ కొట్టు దాకా వినిపించి ఉంటుంది. "రాజవ్వ గారూ! నేను ఎస్తేరుని. దర్శనమైందా?"

"అయింది బిడ్డా... ఒక సుట్టు అయింది. ఇంక రెండున్నయి." మాట ముద్దగా వచ్చింది.

"దర్శనమైతే తినొచ్చన్నారుగా మీరే? తాటిబెల్లం అది. చప్పరించండి. మిగతా రెండు చుట్లూ సాయంత్రం ఎండ తగ్గాక తిరుగుదురు గాని. మీతో ఎవరొచ్చినా మీరు తిరిగే వైపే తిరుగుతారు. మాట ఇస్తున్నాను. ఊఁ, తినండి."

తర్వాత బిళ్ల కొరికిన చిన్న చప్పుడు. ఎస్తేరు గారు కళ్లు మూసుకున్నారు. "ఇంకోటి" అన్నారు. మళ్లీ "ఇంకోటి" అన్నారు.

మాట తేటపడ్డాక అడిగారు. "అంత ఎండలో ఒక్కరూ ఎందుకెళ్లారండీ? ఇటు కాదు, అటు తిరగాలని అబ్బాయికి చెప్పొచ్చుగా?"

"ఎట్ల చెప్పాలె బిడ్డా? పైసలు వెట్టి, లీవు వెట్టి తీస్కొచ్చిండు. మురుసుకుంట పోతున్నడు. గంత సదువుకున్నోనికి నువ్వు తప్పు తిరుగుతున్నవని నలుగుట్ల ఎట్ల చెప్పుదు? నేనొక్కదాన్ని సక్కగ తిరిగొస్తే వాని పేరు మీద కూడ అయితదనుకున్న."

అప్పటికి శ్రీనివాస్ అక్కడికి చేరుకున్నాడు. ఆ చివరి మాట విన్నట్టున్నాడు. తిట్టడానికి నోరు తెరిచినవాడు తెరిచినట్టే ఏడ్చాడు. ఎస్తేరు గారు ఆయన్ని కాసేపు ఏడవనిచ్చారు. "అన్నం తినిపించండి, పడుకోబెట్టండి, చక్కెర చూసి నాకు చెప్పండి. మిగతా గుళ్లు ఇవాళ వద్దు. సాయంత్రం బాగుంటేనే అమ్మతో మీరు తిరగండి" అన్నారు. ఇక్కడ మధ్యాహ్నం దాటాక సొఖా ఒక ఫొటో పంపాడు. ఎదురుగా వస్తున్న జనాన్ని తప్పించుకుంటూ తల్లీకొడుకులు గోడ వారగా నడుస్తున్నారు, ఇద్దరి కాళ్లకూ చెప్పుల్లేవు.

ఆ ఫొటో చూశాకే ఎస్తేరు గారు కుర్చీలో కూలబడ్డారు. టీ కప్పు ఇస్తే పక్కన పెట్టేశారు. "చచ్చేంత భయమేసింది గంగాధరం" అన్నారు. నాకు ఆవిడ మీద అంతకు ముందు గౌరవం ఉండేది. ఆ క్షణం నుంచి ప్రేమ కూడా పుట్టింది. మొహం తుడుచుకుని ఆవిడ మరో మాట అన్నారు. "తిండి అడిగాను, మందులడిగాను. అసలుది అడగలేదు. పిల్లలతో చెప్పలేనిది ఏమైనా ఉందా అని అడగాలి. రేపట్నుంచి ఆ ఫోన్లు నువ్వే చెయ్యి. నీకు ఆ ముసలమ్మ మనసు తెలిసింది."

ఎస్తేరు గారు కిందటేడు వీసా రద్దు చేయించుకుని పాలకొల్లు వెళ్లిపోయారు. వారం వారం ఫోన్ చేసి నా మీద పెత్తనం చేస్తూనే ఉంటారు. ఆవిడ కుర్చీలో నేనింకా సర్దుకుని కూర్చోలేను, ఫోన్లు మాత్రం మానలేదు. అందరితో మాట్లాడి చివరికి ఆ ప్రశ్న అడిగి ఊరుకుంటాను. కొందరు నవ్వేస్తారు. కొందరు కోప్పడతారు. ఎక్కువమంది గొంతు తగ్గించి చెబుతారు.

ఈమధ్య ఒక పెద్దాయన చెప్పాడు. "నాకు చూపు బాగా తగ్గిపోయింది బాబూ. మెట్టు ఎక్కడుందో కూడా తెలీదు. అబ్బాయికి చెప్పకు, తెలిస్తే ప్రయాణం మానిపించేస్తాడు. వాడితో కలిసి తిరగాలని ఉంది." నేను సొఖాకు ఫోన్ చేసి, ఆయన చెయ్యి వదలొద్దని, కనిపించిన ప్రతి మెట్టూ ప్రతి బొమ్మా గట్టిగా చెబుతూ నడవమని చెప్పాను. తిరిగొచ్చాక కొడుకు ఆఫీసుకు ఫోన్ చేశాడు. అంతా బాగుందట, నాన్న చాలా సంతోషపడ్డాడట, కానీ గైడు మరీ వాగుడుకాయట, పొద్దున్నుంచి సాయంత్రం దాకా నోరు మూయలేదట. క్షమించండి సార్, అతనికి గట్టిగా చెబుతాను అన్నాను.