పెద్దమ్మ గోడ వదిలిన పొద్దు

మా చిన్నప్పుడు... తెల్లారిందంటే చాలు, వాకిట్లో బోరింగు మోత మొదలయ్యేది. మాది వాటాల ఇల్లు. చుట్టూ నాలుగు కుటుంబాలు, నడుమ పెద్ద వాకిలి, ఆ వాకిలి మధ్యలో అందరికీ కలిపి ఒకటే బోరింగు. బిందెలు వరుసలో ఉండేవి... ఆడవాళ్ళ మాటలకు మాత్రం వరుసంటూ ఉండేది కాదు.

మా పెద్దమ్మ, అంటే అమ్మ వాళ్ళ అక్క, మాతోనే ఉండేది. చూపు పూర్తిగా పోయింది. అయినా కర్ర పట్టేది కాదు, అదంటే ఆమెకు నామోషీ. ఎడమ చెయ్యి గోడకు ఆనించి వాకిలి చుట్టూ తిరిగేది... వంటిల్లు, స్నానాల గది, పక్కవాళ్ళ అరుగు, అన్నీ ఆ గోడే చూపించేది. ఆమె చెయ్యి రాసుకుని రాసుకుని సున్నం మీద నున్నటి చార కూడా పడింది.

కానీ బోరింగు ఉన్నది మధ్యలో కదా... గోడ అక్కడిదాకా పోదు. ఎంత తిరిగినా బయలుదేరిన గడప దగ్గరికే వచ్చేది. చెంబెడు నీళ్ళు కావాలన్నా ఎవరో ఒకరు తెచ్చివ్వాలి. "ఆగక్కా, వస్తున్న" అని అమ్మ పొయ్యి దగ్గర నుంచే కేకేసేది. ఆ రావడం ఎప్పటికో! అంతసేపూ పెద్దమ్మ ఖాళీ బిందె ఒళ్ళో పెట్టుకుని గడప మీద కూర్చునేది. ఒకరి తీరిక కోసం అలా కూర్చోవడం ఆమెను ఎంతగా తినేసేదో ఇప్పుడు తెలుస్తోంది నాకు.

ఇన్నేళ్ళకు ఇదంతా గుర్తు చేసింది మా అమ్మాయి తన్వి. మేముండేది జర్మనీలోని గార్చింగ్‌లో. నా ఉద్యోగం పోయి నెలలు గడుస్తున్నాయి... అప్లికేషన్లు పంపడం, సారీ అని వచ్చిన మెయిల్ చదవడం, ఏదో ఒక ఆఫీసులో టెర్మిన్... అదే, అపాయింట్‌మెంట్ కోసం ఎదురుచూడడం, ఇదే పని. నిన్న సాయంత్రం ఓపిక లేక సోఫాలో కూలబడి ఉన్నాను. తన్వి హాల్లో చెక్క ముక్కలతో గోడలు కట్టి, స్కూల్ క్లబ్బులో చేసిన అరచేతంత బండిని వాటి మధ్య వదిలింది. అది గుర్రుమంటూ గోడలకు గుద్దుకుంటోంది.

"ఏందే ఈ కారు గోల?" అన్నాను.

"కారు కాదమ్మా, మైక్రోమౌస్!"

తన్వి చెప్పినదాంట్లో నాకు అర్థమైంది ఇదీ... చిక్కుదారిలో తనంతట తానే దారి కనుక్కునే బుల్లి రోబోను మైక్రోమౌస్ అంటారట. రిమోటు ఉండదు. పోటీల్లో దాన్ని ఓ మూల వదిలేస్తారు, నట్టనడిమికి అదే చేరుకోవాలి. ముందు మెల్లగా తిరిగి ఎక్కడ గోడ ఉందో, ఎక్కడ దారి ఉందో గుర్తుపెట్టుకుంటుంది. ఆ వెతుకులాటను ఇక్కడి పిల్లలు 'జూఖ్‌లౌఫ్' అంటున్నారు. అసలు పరుగు ఆ తర్వాత. పేరుకు ఎలుకే గానీ తోకా లేదు, మీసాలూ లేవు.

"ఒకే గోడ పట్టుకుని పోతే సరిపోదా మరి?" అన్నాను.

"నైన్... కాదమ్మా! సెంటర్ బయటి గోడకి కనెక్ట్ అయి ఉండదు. ఇట్ జస్ట్ గోస్ రౌండ్ అండ్ రౌండ్. గోడ వదిలెయ్యాలి."

పెద్దమ్మ కళ్ళ ముందు నిలబడింది.

ఓ ఏడాది నాకు ఆటలమ్మ పోసి కొన్నాళ్ళు బడికి పోలేదు. మధ్యాహ్నాలు అందరూ పనులకు వెళ్ళాక, పెద్దమ్మ నా చేత బోరింగు కింద ఒక చెంబు బోర్లా పెట్టించేది. దాని మీద నీటి చుక్కలు టప్పు టప్పుమని పడేవి. ఆ చప్పుడుకు చెవి ఒగ్గి, గోడ వదిలి, అడుగులో అడుగు వేసేది... దండెం తీగ నుదుటికి తగిలేది. గోలెం అంచుకు మోకాలు కొట్టుకునేది. మళ్ళీ తడుముకుంటూ గోడ దగ్గరికి పోయి మొదటి నుంచి మొదలుపెట్టేది.

"మీ అమ్మకు చెప్పినవనుకో... తోలు తీస్త బిడ్డా" అని బెదిరించేది. నేను నోరు మెదపలేదు. దెబ్బలకు పసుపు పెట్టే పని మాత్రం నాదే.

ఓ పొద్దున, ఆడవాళ్ళంతా బోరింగు దగ్గర ఉన్నప్పుడే, పెద్దమ్మ బిందె చంకన పెట్టుకుని గోడ వదిలింది. తడబాటు లేదు. ఆ మాటల సందడి వైపు సరాసరి నడుస్తోంది... అది చూసి ఆశ్చర్యంతో ఒక్కొక్కరే మాట ఆపేశారు. బోరింగు కొడుతున్న చెయ్యి కూడా ఆగిపోయింది.

వాకిలంతా నిశ్శబ్దం. పెద్దమ్మ నట్టనడుమ నిలిచిపోయింది. ముఖం అటు తిప్పింది, ఇటు తిప్పింది... ఎటు పోవాలో తెలియడం లేదు. గోడ కూడా అందనంత దూరంలో ఉంది. నాకు ఏడుపొచ్చింది.

"ఏమైందే మీకు? నోళ్ళు పడిపోయినయా? మాట్లాడుర్రి!" అని అరిచింది.

అందరూ ఒక్కసారే మొదలుపెట్టారు. ఒకామె వాళ్ళత్త గురించి, ఇంకొకామె పాలు విరిగిన సంగతి... ఏది నోటికొస్తే అది. అమ్మ పరుగెత్తుకొచ్చి చెయ్యి పట్టుకోబోయింది. అంతలోనే ఏమనుకుందో, వెనక్కి తిరిగి, కళ్ళు తుడుచుకుంటూ బోరింగు కొట్టడం మొదలుపెట్టింది. పెద్దమ్మ ఆ మోత వెంట వచ్చి బిందె కింద పెట్టింది.

"జరుగు చెల్లె, నా నీళ్ళు నేనే కొట్టుకుంట."

ఇప్పుడు అక్కడ ఆ ఇల్లు లేదు, ఇంటింటికీ నల్లాలు వచ్చాయి. ఇక్కడేమో మెట్ల మీద ఎదురైనవాళ్ళు మర్యాదగా 'గ్రూస్ గాట్' అని పలకరించి తలుపు వేసుకుంటారు. నా ఉద్యోగం సంగతి తెలిసిన మనవాళ్ళు కూడా, అడిగితే బాధపడతానేమోనని ఫోన్లు మానేశారు. అందరూ మంచివాళ్ళే... నేనే అలసిపోయాను.

నన్ను ఎవరూ చెయ్యి పట్టుకుని నడిపించక్కర్లేదు. మీ వాకిట్లో, మీ బోరింగు దగ్గర విన్న ముచ్చట్లు ఏవైనా ఉంటే కింద కామెంట్లలో రాయండి, ఎంత చిన్నవైనా సరే... పెద్దమ్మలా నేనూ చేరేదాకా కాస్త మాట్లాడుతూ ఉండండి.