సీటు చార్జీ ఇరవై రూపాయలు

“ఒరేయ్ కృపారావూ, నీకు మగాళ్ళంటే ఇష్టమా ఏంటి?”

కొట్టు అద్దెకిస్తూ ఓనరు కొండమ్మ అడిగిన మాట ఇది. “అవునండి పిన్నిగారూ” అన్నాడు కృపారావు. ఆవిడ, “అయితే పెళ్ళయ్యాక అత్తారింటికి చెక్కేస్తావన్న భయం లేదు. మూణ్ణెల్ల అడ్వాన్సు ఇవ్వు” అంది.

కృపారావుది రేపల్లె. టోక్యోలో ఓ ఇండియన్ హోటల్లో తొమ్మిదేళ్ళు వంట చేశాడు. అక్కడ షింజుకు నిచోమే అనే పేటలో, ఎనిమిదిమంది పట్టే బుల్లి బార్లలో, తనలాంటి మగాళ్ళ మధ్య మొదటిసారి కుదురుగా కూర్చున్నాడు. ఆ పేటకు గొప్ప పుట్టుకేం లేదు. పూర్వం సానికొంపలుండేవి. 1958లో చట్టం వాటిని మూయించింది, గదులు చవగ్గా దొరికాయి, ఇలాంటి మగాళ్ళు చేరారు. ఉద్యమాలన్నీ ఆశయాలతోనే మొదలవుతాయనేవాళ్ళు కాస్త అద్దెల సంగతీ చూడాలి. 2015లో టోక్యోలోనే షిబుయా అనే వార్డు ఇలాంటి జంటలకు, జంటలేనని గుర్తిస్తూ సర్టిఫికెట్టిచ్చింది. పెళ్ళికి మాత్రం చట్టం ఇంకా ఒప్పుకోలేదు.

అలా కూర్చునే చోటు తెనాలిలోనూ ఉండాలని కృపారావు పంతం. స్టేషను దగ్గర ఎనిమిది స్టూళ్ళ కాఫీకొట్టు తెరిచాడు. పద్ధతి మాత్రం నిచోమేదే: కూర్చుంటే సీటు చార్జీ, దానికి అడక్కుండానే చిన్న గిన్నెలో చిరుతిండి.

తెనాలి అంతా నిలబడింది.

“కూర్చోండి అన్నయ్యా!”

“ఇరవై పెట్టి నడుం వంచడమెందుకు బాబూ? ఆ పకోడీ ఇటివ్వు.”

గుంపు రోడ్డు మీదిదాకా పాకింది. కొండమ్మ వచ్చి, “చార్జీ తీసెయ్, లేదా నెలలో ఖాళీ చెయ్” అంది. తీసేస్తే స్టూళ్ళన్నీ స్టేషను దగ్గరి పేకాట బ్యాచ్‌వే, తను ఎదురుచూసే తనలాంటివాళ్ళు గుమ్మం కూడా తొక్కరు. కృపారావు తియ్యలేదు.

ఆ ఆదివారం బాపట్ల పాసింజరు దిగి విజయసారథి అనే బ్యాంకు క్లర్కు వచ్చాడు. కూర్చుని ఇరవై పెట్టాడు. పై ఆదివారం స్నేహితుణ్ణి తెచ్చాడు. నాలుగో ఆదివారానికి ఏడు స్టూళ్ళు నిండాయి.

“డబ్బిచ్చి కూర్చుంటారేంటి వీళ్ళు?” అన్నాడు నిలబడ్డవాళ్ళలో ఒకాయన.

“బాపట్లోళ్ళు కదా, మోకాళ్ళలో సత్తువుండదు” అన్నాడు ఇంకొకాయన.

అదే రోజు కొండమ్మ ఖాళీ చేయించడానికొచ్చి, ఆయాసం తీర్చుకోవడానికి ఎనిమిదో స్టూలెక్కింది. అరగంట వాళ్ళ కబుర్లు విని, “ఇంతమంది మగాళ్ళలో ఒక్కడూ రాజకీయం ఎత్తలేదు. నా జన్మలో చూళ్ళేదురా. కొట్టు ఉంచుకో” అంది.

అప్పట్నుంచి రోజూ వచ్చి కూర్చుంటోంది. చార్జీ అడిగితే, “నా కొట్లో నాకేంటిరా?” అంటుంది.

డెబ్భై మూడు రోజులకి పద్నాలుగు వందల అరవై రూపాయలు ఆవిడ ఇంకా ఇవ్వాలి.