ఆలస్యమైందని కొట్టేశారు

మా అక్క ప్రభుత్వాసుపత్రిలో ఎక్స్‌రే తీస్తుంది. "ఊపిరి బిగబట్టండి... కదలొద్దు... ఆఁ, ఇక వదలండి" అని రోజంతా అంటూనే ఉంటుంది కాబట్టి రోగులు ఆమెకు ఊపిరమ్మ అని పేరు పెట్టారు. బరువైన సీసపు ఏప్రన్ మోసి మోసి భుజాలు వంగిపోయాయి. తలుపు బయట ఎంత గోలగా ఉన్నా, విరిగిన చెయ్యిని పసిపిల్లను ఎత్తుకున్నట్టు ఎత్తి బల్ల మీద పెడుతుంది.

అలాంటి మనిషి మీద, ఉద్యోగంలో చేరిన పంతొమ్మిదేళ్ళకు, ఒక పెద్దమనిషి కోర్టుకెక్కాడు. అప్పట్లో అదే ఉద్యోగానికి పోటీపడి అక్క తర్వాతి స్థానంలో ఆగిపోయినవాడు. ఆమె డిప్లొమా దొంగదట! మరి ఇన్నేళ్ళూ ఏ గుడ్డిగుర్రానికి పళ్ళు తోముతున్నాడో! సొంతంగా స్కానింగ్ సెంటర్ పెట్టుకున్నాడు. అది మూతపడింది. అప్పుడు గుర్తొచ్చింది అయ్యగారికి, తనకు అన్యాయం జరిగిందని. వాడి నోట్లో మన్నుపడ!

అక్క చదువుకునే రోజుల్లో మా ఇద్దరిదీ ఒకటే గది. ఎముకల పేర్లు బట్టీపట్టడానికి నన్ను పడుకోబెట్టి, పక్కటెముకలు పొడుస్తూ అప్పజెప్పుకునేది. చక్కిలిగింతలు పుట్టి నేను నవ్వితే నెత్తిన మొట్టేది. ఆ చదువు దొంగదంటే నాకు ఒళ్ళు మండదా?

నోటీసు వచ్చిన దగ్గర్నుంచీ క్యాంటీన్‌లో అక్క కనబడితే తోటివాళ్ళు మాట మార్చేవారు. కొడుకుని తీసుకొచ్చిన ఒకావిడైతే మొహం మీదే, "నిజంగా చదువుకున్నవాళ్ళెవరైనా ఉంటే పిలవండి" అంది. అక్క మాత్రం పిల్లాడికి ఎక్స్‌రే తీసి పంపింది. నేనైతే ముందు ఆవిడ నోటికి తీసేదాన్ని.

కోర్టుకు అక్క అసలు డిప్లొమా పట్టుకొచ్చింది. లాయరు దాన్ని చూడనే లేదు.

"అదెందుకమ్మా? వాడొచ్చిందే ఇంత ఆలస్యంగా. ఆ ఒక్క ముక్క చాలు."

చాలింది కూడా. ఇంతకాలం నిద్రపోయి ఇప్పుడు రావడమేమిటని జడ్జిగారు కేసు కొట్టేశారు. డిప్లొమా అసలుదో నకిలీదో ఎవరూ అడగలేదు.

"ఇంతేనా?" అంది అక్క.

"గెలిచాం కదమ్మా!"

"నేను దొంగని కాదని ఎవరన్నారండీ?"

లాయరు నవ్వేసి తర్వాతి కేసు చూసుకోవడానికి వెళ్ళిపోయాడు.

సాయంత్రం మా బావ స్వీట్లు తెచ్చాడు. పీడ విరగడైందని నాకూ ఒకటి చేతిలో పెట్టాడు. తర్వాత అక్క పక్కన కూర్చుని గొంతు తగ్గించాడు.

"ఇంక భయం లేదుగా. నాతోనైనా చెప్పు. అది అసలుదేనా?"

ఉద్యోగం వచ్చాకే అక్కకు పెళ్ళయింది. ఆమె చదువు బావ కళ్ళతో చూడలేదు, ఒప్పుకుంటాను. అయితే మాత్రం?

"ఆమె జీతంతో కట్టిన ఇంట్లో కూర్చుని తిన్నింటి వాసాలు లెక్కపెడతావా బావా?" అని అరిచాను.

"నువ్వూరుకోవే," అంది అక్క. "ఈ మాట ఎన్నాళ్ళుగా మనసులో ఉందండీ?"

బావ తల దించుకున్నాడు. మిఠాయి తీసుకెళ్ళి చెత్తబుట్టలో పడేశాను.

మర్నాడు అక్క తన డిప్లొమాను అధికారికంగా పరిశీలించి తేల్చాలని ఆసుపత్రి సూపరింటెండెంటుకు అర్జీ రాసింది. ఫోన్లో లాయరు లబోదిబోమన్నాడు.

"ఆ కాలేజీ ఎప్పుడో మూసేశారు. రికార్డులు దొరకలేదని జవాబొస్తే ఉద్యోగం ఊడుతుంది. కొరివితో తల గోక్కోవడమమ్మా ఇది!"

అక్క ఫోన్ పెట్టేసింది. అర్జీ ఇవ్వడానికి తోడుగా నేనూ వెళ్ళాను. సూపరింటెండెంటు అర్జీ చదివి వెనక్కి తోశాడు.

"కోర్టే వదిలేసింది కదమ్మా. ఇంకెవరికి చూపించాలి?"

"మా ఆయనకండీ," అంది అక్క.

సూపరింటెండెంటు అర్జీ మళ్ళీ దగ్గరకు లాక్కుని సంతకం పెట్టాడు.