తప్పిపోయిన ఇన్‌స్పెక్షన్ సార్

మొన్న బుధవారం నాను చేసిన పనికి అదే రోజు ఉద్యోగం ఊడిపోవాలి. ఎందుకు ఊడలేదో మీరే వినండి.

మా కాలేజీ విశాఖ ద్వారకా నగర్‌లో కదా. కింద బట్టల షాపు, దానిమీద కళ్ళద్దాల షాపు, ఆ పైన రెండంతస్తులు మావి. నాను చూసే లైబ్రరీ అన్నిటికంటే పైన, చివరి గది. అందులో సగం కోచింగ్ క్లాసుకిచ్చేసి మధ్యలో ప్లైవుడ్ గోడ కట్టేశారు. అటుపక్క మైకులో రీజనింగ్ చెప్తంటే ఇటుపక్క బీరువాలు కూడా వింటన్నట్టుంటాది. పిల్లలొస్తారు, రారని కాదు. ఫోన్ ఛార్జింగ్ పెట్టుకోడానికొస్తారు.

బుధవారం గుర్తింపు కోసం ఇన్‌స్పెక్షన్. అది పోతే కాలేజీ లేదు, కాలేజీ లేకపోతే నాను లేను. వారం నుంచి కాలు ఒకచోట నిలవలేదు. ఆరోజు గాజువాకలో ఫస్ట్ బస్సెక్కి వచ్చి, అటెండర్ నాయుడన్నతో కలిసి దుమ్ము దులిపి, పుస్తకాలన్నీ నంబర్ల ప్రకారం సర్దాను.

ముగ్గురొచ్చారు. ఇద్దరు ల్యాబులకెళ్ళారు. పెద్దాయన లైబ్రరీకొచ్చి రిజిస్టర్లు తిరగేసి, నా పని నన్ను చూసుకోమని బీరువాల వెనక్కెళ్ళారు. అంతలో కింద నుంచి ప్రిన్సిపాల్ సార్ పిలుపు. భోజనాల్లో ఒక ప్లేటు తక్కువొచ్చిందట. అది తెప్పించి తిరిగొచ్చేసరికి ఇటుపక్క మనిషి అలికిడి లేదు, కుర్చీలన్నీ ఖాళీ. ఆయన వెళ్ళిపోయారనుకున్నాను. పిల్లలొచ్చి సర్దినవన్నీ కెలికేస్తారని తలుపుకి తాళమేసి కిందకి పరిగెట్టాను.

బీరువాల వెనక ఒకసారి చూడొచ్చు కదా అంటారు. పదకొండేళ్ళలో ఆ వెనక కూర్చుని చదివిన మనిషిని నాను చూడలేదు. చూడాలనే తట్టలేదు.

భోజనాల టైముకి పెద్దాయన లేరు. ఫోన్ చేస్తే ప్రిన్సిపాల్ గదిలో ఆయన బ్యాగులోనే మోగింది. ఇంక మొదలైంది పరుగు. నాయుడన్న బస్ కాంప్లెక్స్ వైపెళ్ళాడు. నాను టిఫిన్ సెంటర్లో చూసి, కళ్ళద్దాల షాపులో తెల్ల చొక్కా పెద్దాయన వచ్చారా అనడిగాను. పొద్దున్నించి వచ్చినోళ్ళంతా అలాంటోళ్ళేనన్నాడు షాపతను. ప్రిన్సిపాల్ సార్ నన్ను పక్కకి పిలిచి, "కోపమొచ్చి వెళ్ళిపోయారేమో. లైబ్రరీలో ఆయన్ని ఏటన్నావమ్మా?" అన్నారు. నాకు ఏడుపొక్కటే తక్కువ. మెట్లెక్కుతన్నాను, దిగుతన్నాను. లైబ్రరీ తాళంచెవి నా వేలికే తిరుగుతంది.

ముప్పావుగంటయ్యాక కోచింగ్ మాస్టారు దిగొచ్చారు.

"మేడం, అటుపక్క నుంచి మీ వాళ్ళెవరో గోడ కొడతన్నారు. మా సౌండ్ ఎక్కువైందేమోనని మైకు తగ్గించాం. ఆపేశామండి కూడా. అయినా కొడతన్నారు."

రెండేసి మెట్లెక్కి, తాళం తీశాను. ఆయన కొట్టి కొట్టి విసిగి, చెమటతో తడిసిపోయి, కిటికీ దగ్గర స్టూలు మీద కూర్చుని చదువుకుంటన్నారు. వెనకాలే ప్రిన్సిపాల్ సారూ వచ్చారు.

"తాళమెందుకు వేశారమ్మా?" అనడిగారు పెద్దాయన.

అబద్ధం వెతుక్కునే టైము లేదు. "లోపల ఎవరైనా చదువుతా ఉంటారనుకోలేదండి," అనేశాను.

ప్రిన్సిపాల్ సార్ కళ్ళు మూసుకున్నారు. పెద్దాయన నన్ను చూసి, బీరువాలని చూసి, ప్లైవుడ్ గోడ దగ్గరకెళ్ళి వేలితో కొట్టి చూశారు. అటుపక్క నుంచి ఎవరో "సారీ సార్" అన్నారు. ఆయన నవ్వాపుకోలేకపోయారు. తర్వాత రిపోర్టులో గుర్తింపు ఇవ్వొచ్చని రాసి, నెలలోపు ఆ గోడ తీసేసి గది మొత్తం లైబ్రరీకే ఇవ్వాలని షరతు పెట్టారు. పదకొండేళ్ళు నాను అడిగినా జరగని పని అది.

వెళ్ళేముందు ఆయన చదువుతన్న పుస్తకం చూపించారు. విశాఖ రేవు కట్టిన రోజుల గురించి. ఇంకా నలభై పేజీలున్నాయి, ఇంటికి తీసుకెళ్ళొచ్చా అనడిగారు. నా ఆనందం ఏటి చెప్పమంటారు! పరిగెట్టి ఇష్యూ రిజిస్టర్ తెచ్చి, సంతకం తీసుకుని, స్టాంపు కొట్టి, అలవాటు కొద్దీ గట్టిగా చెప్పాను: "పద్నాలుగు రోజుల్లో తెచ్చేయాలండి. పోస్టులో తీసుకోం, మీరే స్వయంగా రావాలి."

ఆయన బుద్ధిగా తలూపి కారెక్కారు.

కారు సందు తిరిగేదాకా ప్రిన్సిపాల్ సార్ చెయ్యూపుతానే ఉన్నారు. అప్పుడన్నారు. "ఏడాదికోసారి వచ్చే ఇన్‌స్పెక్షన్‌ని రెండు వారాల్లో మళ్ళీ రమ్మని స్టాంపేసి మరీ పిలిచావు కదమ్మా."